ఆకుకి చెప్పిన సంగతి

మందు పనిచేసిందని హైమ ఏనుగెక్కినంత సంబరపడిన రోజునే, వాళ్ల నాన్న లేని కూతురి కోసం వెక్కి వెక్కి ఏడ్చాడు.

ఉన్న కూతురు ఎదురుగానే పెసరట్టు పళ్లెం పట్టుకుని నిలబడి ఉంది. ఆమె వంక ఆయన కన్నెత్తి కూడా చూడలేదు.

"పసుపు గౌను వేసుకుందండి. బల్లకట్టు దిగుతుంటే చెయ్యి జారిపోయింది. నా చెయ్యే జారింది. ఆదిలక్ష్మీ, ఆదిలక్ష్మీ అని ఎంత అరిచినా..." సత్తిరాజు తన అరచేతులు చూసుకుంటూ మళ్లీ ఏడుపందుకున్నాడు.

"ఆదిలక్ష్మి ఎవరు నాన్నా?"

"మా సిన్నది."

సత్తిరాజుకి ఒక్కతే కూతురు, ఆ ఒక్కతీ హైమే. పైగా ఆయన జన్మలో 'సిన్నది' అన్న మనిషి కాదు. ముప్ఫయ్యేళ్లు సర్కారు కొలువు చేసినవాణ్ణని మాట కాస్త దిద్దుకుని మరీ మాట్లాడేవాడు.

ఇక్కడ కొంచెం వెనక్కి వెళ్లకపోతే మీకూ అంతా అయోమయంగానే ఉంటుంది. హైమకి ఎలాగూ తప్పలేదు, మీకెందుకు చెప్పండి ఆ తిప్పలు?

సత్తిరాజు గోదావరి కాలవ మీద లాకుల దగ్గర లస్కరుగా చేశాడు. లాకు తలుపులు చక్రం తిప్పి తీయడం, పడవని లోపలికి రానిచ్చి నీళ్లు సమానం చేసి అవతలికి దాటించడం ఆయన పని. భార్య పోయాక కడియంలో కూతురి దగ్గరే ఉంటున్నాడు. మూడేళ్ల కిందట మతిమరుపు మొదలైంది. ముందు కళ్లజోడు మరిచాడు, తరవాత భోంచేశానో లేదో మరిచాడు, ఆ తరవాత భార్య పోయిందన్న సంగతి మరిచి రోజుకోసారి కొత్తగా తెలుసుకుని ఏడ్చాడు. చివరికి ఒకనాడు హైమని ఎగాదిగా చూసి, "ఎవరమ్మా నువ్వు? ఎవరి తాలూకు?" అన్నాడు.

ఆ రోజు హైమ స్నానాలగదిలో కుళాయి తిప్పుకుని ఏడ్చింది. నలభై రెండేళ్ల మనిషి, పేరు ముందు డాక్టరని రాసుకునే మనిషి, చిన్నపిల్లలా ఏడ్చింది. ఆమెకి కావలసింది పెద్దదేమీ కాదు. చిన్నప్పటినించీ ఆయన పిలిచే 'బుల్లెమ్మా' అన్న పిలుపు, మళ్లీ ఒక్కసారి. అంతే.

ఆమె చేసే పని కూడా అలాంటిదే మరి. కడియం నర్సరీల మధ్యన ఉన్న చిన్న పరిశోధనశాలలో ఎనిమిదేళ్లుగా సరస్వతి ఆకు మీద పనిచేస్తోంది. సరస్వతి ఆకు మనకి కొత్తా ఏమిటి? కాలవ గట్ల మీద, అరటితోటల్లో, తడి కనపడ్డచోటల్లా నేల మీద పాకుతుంది. పచ్చడి చేసుకుంటాం. మాటలు ఆలస్యమైన పిల్లలకి తేనెలో రంగరించి నాలిక మీద రాస్తాం. తెలివికీ, జ్ఞాపకానికీ మంచిదని అమ్మమ్మలందరికీ తెలుసు. తెలిసినంత మాత్రాన మతిపోయినవాళ్లకి మతి తిరిగొచ్చిన దాఖలా మాత్రం లేదు. అందుకే హైమ వందల పిలకల్లోంచి ఏరి ఏరి ఒక కొత్త రకం పెంచింది. ఆకు అరచేయంత, కాడ నిండా రసం. దాన్ని పిండి, వడగట్టి, మరగకాచి చుక్కల మందు చేసింది.

పదకొండు విడతలు చేసి ఎలుకలకి పట్టి చూసింది. పదకొండూ నీళ్లతో సమానం.

పన్నెండో విడత పనిచేసింది. ఎందుకు పనిచేసిందో ఎవరికీ తెలియలేదు. మందు తయారీ చూసే విక్టర్ గారు బుర్ర గోక్కున్నారు. "మొక్క అదే, నీళ్లు అవే, మిషనూ అదే. నేనూ నేనే. ఏం మారిందమ్మా?"

మారింది ఒక్కటే. ఆ వారం ఆకు కోసే యంత్రం పాడైతే, మొక్కల షెడ్డులో పనిచేసే మరిడమ్మ మొత్తం ఆకంతా చేత్తో కోసింది. ఇనప బ్లేడు తగలకపోవడం వల్ల కాబోలనుకుని హైమ అప్పటికప్పుడు ఒక నియమం పెట్టింది: ఇకనించి యంత్రం వద్దు, చేతి తొడుగులు వద్దు, ఆకు మరిడమ్మే కోయాలి. ఆ నియమం పెట్టినప్పుడు హైమ చాలా తెలివైన పని చేశాననుకుంది. పాపం.

ముప్ఫైమంది మీద మందు వాడి చూడటానికి అనుమతి వచ్చింది. రోగుల పేర్లు మందు తయారీలో ఉన్నవాళ్లకి తెలియకూడదన్నది ప్రయోగంలో మొదటి నిబంధన. అందరికీ అంకెలే. ఇరవై ఏడో అంకె సత్తిరాజు. సొంత తండ్రిని అందులో పెట్టకూడదు. పెట్టింది. ప్రతి ఉదయం మూడు చుక్కలు తేనెలో కలిపి నాలిక కింద వేసింది. పదిహేనో రోజున ఆయన మంచం మీద లేచి కూర్చుని తను పనిచేసిన లాకుల తలుపులు ఎన్ని, చక్రాలు ఎన్ని, సూపర్వైజరు పేరేమిటి, ఆయన కుక్క పేరేమిటి గడగడా అప్పజెప్పాడు. హైమ పరుగున వంటింట్లోకి వెళ్లి ఆయనకిష్టమైన పెసరట్టు వేసింది. తీసుకొచ్చేసరికి ఆయన ఆదిలక్ష్మి కోసం ఏడుస్తున్నాడు.

ఇదీ సంగతి. ఇక ముందుకి పదండి.

హైమ ముందు అనుమానించింది తండ్రినే. మనకైనా అదే తోస్తుంది. లాకుల దగ్గర ముప్ఫయ్యేళ్లున్న మనిషి, నీళ్లలో పడిపోయిన పిల్ల, జారిన చెయ్యి. ఏదైనా జరిగి కప్పిపెట్టాడా? ఇంకో సంసారం ఉండేదా? తండ్రి ట్రంకుపెట్టె మొత్తం బోర్లించింది. పాత ఖాకీ చొక్కాలు, ఒక ఈల, తల్లి పెళ్లినాటి ఫొటో దొరికాయి. పసుపు గౌను పిల్ల ఎక్కడా లేదు. సిగ్గు విడిచి ద్రాక్షారంలో ఉండే మేనత్త వీరభద్రమ్మకి ఫోన్ చేసింది.

"అత్తా, నాన్నకి నేను కాకుండా ఇంకెవరైనా పిల్లలున్నారా?"

"మీ నాన్నకే అనుకున్నాను, నీక్కూడా పోయిందా మతి? మీ అమ్మకి చెప్పకుండా బీడీ కాల్చడానికే వణికిపోయేవాడు మా అన్న! రెండో సంసారమా? పెట్టేయ్ ఫోనూ!"

హైమ ఫోన్ పెట్టేసింది. నవ్వాలో ఏడవాలో తెలియలేదు.

మర్నాడు పరిశోధనశాలకి పదకొండో అంకె వచ్చింది. ఆవిడ పేరు అనసూయమ్మ, ఒకప్పుడు రాజమండ్రిలో టెలిఫోన్ ఆపరేటరు. కోడలు వెంటబెట్టుకొచ్చింది. మందు మొదలుపెట్టాక మనవల పేర్లు చెబుతోందని, పొయ్యి కట్టేయడం మరవడం లేదని కోడలు హైమ చేతులు పట్టుకుని ఊపేసింది.

"ఒక్కటే వింతండీ. మా అత్తగారికి కాలవంటే భయం పట్టుకుంది. ఆవిడ పుట్టిందీ పెరిగిందీ అనంతపురంలో. ఇటు వచ్చాక కూడా ఏ కాలవ దగ్గరికీ వెళ్లిన మనిషి కాదు."

అనసూయమ్మ హైమ చెయ్యి పట్టుకుని దగ్గరికి లాక్కుంది. "అమ్మాయ్, ఎవరికీ చెప్పకు. నాకో పాప ఉండేది. పసుపు గౌను. బల్లకట్టు దిగుతుంటే..."

ఒకరినొకరు జన్మలో చూడని ఇద్దరు మనుషులు. ఒకే పిల్ల, ఒకే గౌను, ఒకే బల్లకట్టు. చదివిన చదువులో దీనికి పేరు లేదు. మిగతా ఇరవై ఎనిమిది మందికీ ఫోన్లు చేయించాలంటే భయమేసింది. అయినా చేయించింది. పంతొమ్మిది మంది ఇళ్లలో ఎవరో ఒకరు "అవునండీ, ఎవరో పాప అంటున్నారు" అన్నారు.

ఆ సాయంత్రం ఇంటికెళ్లేసరికి సత్తిరాజు వీధరుగు మీద కూర్చుని ఉన్నాడు. హైమని చూస్తూనే గబుక్కున లేచి నిలబడ్డాడు. మూడేళ్ల తరవాత మొదటిసారి ఆయన కళ్లలో గుర్తుపట్టిన వెలుగు కనిపించింది. హైమ చేతిలో సంచీ కింద పడేసి ముందుకి వచ్చింది.

"వచ్చారా డాక్టరమ్మగారూ," అన్నాడు తండ్రి, రెండు చేతులూ కట్టుకుని. "ఆకు కోసి ట్రేల్లో సద్దేసేనండి. తడిగుడ్డలు కూడా కప్పేసేను. ఎల్లొస్తానండి మరి."

ఆ మాట ఎవరిదో హైమకి తెలుసు. రోజూ సాయంత్రం అయిదింటికి అదే మాట, అదే చేతులు కట్టుకోవడం ఎనిమిదేళ్లుగా చూస్తూనే ఉంది. తండ్రి ఆమెని గుర్తుపట్టాడు. నిజమే. కాకపోతే మరిడమ్మ గుర్తుపట్టినట్టు గుర్తుపట్టాడు.

మర్నాడు పొద్దున్నే ఆకుపచ్చ వల కింద, నీటి తుంపర మధ్య, మరిడమ్మ మడిలో గొంతుక్కూర్చుని ఆకు కోస్తోంది. యాభై దాటిన మనిషి, ఆలమూరు దగ్గర పల్లె. పెదవులు కదులుతున్నాయి. మరిడమ్మ మొక్కలతో మాట్లాడుతుందని పరిశోధనశాలలో అందరికీ తెలుసు. అందరూ నవ్వుకునేవాళ్లు. హైమ కూడా నవ్వుకునేది.

"మొక్కకి ఏం చెబుతున్నావు మరిడమ్మా?"

మరిడమ్మ సిగ్గుపడిపోయింది. "అదా అండి? ఆయ్, మాయమ్మ నేర్పిందండి. మందాకు కోసేటప్పుడు ఎవరికోసం కోత్తన్నామో మొక్కకి సెప్పాలండి. ఫలానావోళ్లకి ఫలానా జబ్బు, తల్లీ కాపాడు, అని. ఊరికే కోసేత్తే మందు పలకదండి."

"మరి ఇక్కడ ఎవరికోసమో నీకు తెలీదుగా. పేర్లు చెప్పం కదా."

"అదేగా వొచ్చింది తంటా! పేర్లడిగితే విక్టర్ బాబుగారు కేకలేసేరు. ఏం సెయ్యను? పేరు లేపోతే మన సంగతన్నా సెప్పుకోవాలనేదండి మాయమ్మ. మన కట్టం మొక్క సేతిలో పెట్టి అప్పుడు కోయాలంట. అందుకని నా సంగతే సెప్పుకుంటన్నాను. నా పిల్ల సంగతండి. సెప్పుకుంటే తేలికవుద్ది గూడా."

"ఆదిలక్ష్మి," అంది హైమ.

మరిడమ్మ చేతిలో ఆకు జారి పడింది. "మీకెలా తెలుసండీ?"

ఎనిమిదేళ్లు. ఒక్కసారైనా ఈ మనిషిని నీకు పిల్లలెంతమంది అని అడిగిన పాపాన పోలేదు హైమ. సిగ్గుతో ఆమె మొహం కందిపోయింది.

"పసుపు గౌను వేసుకుంది కదూ ఆ రోజు?"

"పసుపా అండి?" మరిడమ్మ నుదురు ముడిపడింది. చాలాసేపు ఆలోచించింది. "ఏమోనండి. పసుపేనేమో. ఈమజ్జెన గుర్తు రాటం లేదండి. మొదట్లో బాగుందండి, గుండెల మీద బరువు దిగినట్టుండేది. ఇప్పుడు సూత్తే... మొకం గూడా రాటం లేదు డాక్టరమ్మగారూ. పేరుంది. మొకం లేదు. కళ్లు మూసుకుని ఎంత పిలిసినా రాదు. నాక్కూడా ఆ మతిమరుపు జబ్బే వొచ్చేసిందంటారా?"

హైమ మరిడమ్మ చేతులు రెండూ తన చేతుల్లోకి తీసుకుంది. తడి, చెమట, ఆకుపసరు.

ఆ చేతుల చెమటని దూదితో అద్ది విక్టర్ గారి యంత్రంలో పెట్టారు. తెర మీద గీత ఎక్కడ పైకి లేచిందో, పన్నెండో విడత మందులోనూ సరిగ్గా అక్కడే లేచింది. పదకొండు విడతల్లోనూ అది లేదు. విక్టర్ గారు కళ్లద్దాలు తీసి తుడుచుకున్నారు, మళ్లీ పెట్టుకుని చూశారు, మళ్లీ తీశారు.

"మనం దేన్నైనా తలుచుకున్నప్పుడు ఆ జ్ఞాపకం కాసేపు మెత్తబడుతుందంటారమ్మా. తలుచుకోవడం అయ్యాక మళ్లీ గట్టిపడుతుంది. మెత్తగా ఉన్నప్పుడు ఈ చేతుల్లోంచి కొంచెం ఊరుతోంది. నువ్వు పెంచిన ఆకు దాన్ని తాగేస్తోంది. గట్టిపడేలోపల ఆకు కోసేస్తున్నాం. అంటే..."

"అంటే మూడు నెలలుగా మనం మరిడమ్మని పిండుతున్నాం," అంది హైమ.

"మరి మీ నాన్నగారికి లాకులు గుర్తొచ్చాయి కదా? అవి ఆయనవేగా?"

"ఆవిడ కాలవ ఈయన కాలవని లేపినట్టుంది. ఒక దీపంతో ఇంకో దీపం ముట్టించినట్టు. నాకూ సరిగా తెలీదు సార్. నాకేమీ తెలీడం లేదు."

నిజంగానే ఏమీ తెలియలేదు ఆమెకి. ముప్ఫైమంది ఇళ్లలో సంతోషం. ఒక్క మనిషి గుండెలో ఖాళీ. దీన్ని మందనాలా, దొంగతనమనాలా? దొంగ తనేనా, ఆకా? రెండు రోజులు అన్నం సహించలేదు. మూడో రోజున కోత ఆపేయమంది. మరిడమ్మతో ఉన్నదున్నట్టు చెప్పేసింది. తిడుతుందనుకుంది, శాపనార్థాలు పెడుతుందనుకుంది. పెట్టినా పడాలనుకుంది.

మరిడమ్మ అంతా విని ఒకే ఒక్క మాట అడిగింది. "అయితే నా పిల్ల మీ నాన్నగారి కాడ ఉందాండి?"

ఆదివారం పొద్దున్న మరిడమ్మ ఉతికిన చీర కట్టుకుని, అరటిపళ్లు పట్టుకుని హైమ ఇంటికి వచ్చింది. కుర్చీ వేస్తే కూర్చోలేదు. సత్తిరాజు కాళ్ల దగ్గర నేల మీద చతికిలబడింది.

"బాబుగారూ, మా సిన్నది ఎలాగుండేదండి?"

సత్తిరాజు మొహం విప్పారింది. తన సొంత బిడ్డ గురించి ఎవరో అడిగినట్టే మొదలుపెట్టాడు. "చామనచాయే అనుకో. కానీ కళ! ఎడం చెవి కింద పుట్టుమచ్చ, మినపగింజంత. జుట్టు ఒక్క చోట నిలిచేది కాదు, ఎంత నూనె రాసినా నుదుటి మీద ఓ రింగు లేచి నిలబడేది. ముందుపన్ను ఊడిపోయింది. ఊడిన పన్ను గడ్డి కప్పు మీదికి విసిరి, కొత్తది ఇయ్యకపోతే కప్పు పీకేస్తానని దాన్ని బెదిరించింది..."

మరిడమ్మ పకపకా నవ్వింది. నవ్వుతూనే కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. "ఆయ్, అందా అండి? నిజంగా అందా? ఎంత గడుసుదో! ఇంకా సెప్పండి బాబుగారూ."

ఆయన చెబుతూ పోయాడు. ఈవిడ వింటూ పోయింది. మధ్యాహ్నం దాకా ఆ ఇద్దరికీ లోకం లేదు. హైమ గుమ్మం దగ్గర నిలబడి, తన తండ్రి ఇంకొకరి కూతుర్ని ముద్దు చేస్తుంటే చూస్తూ ఉండిపోయింది. కుళ్లుకుంది కూడా. అంత దుఃఖం ముందర కుళ్లుకున్నందుకు తన మీద తనకే అసహ్యమేసింది.

వెళ్లేటప్పుడు మరిడమ్మ అంది, "మొకం రాలేదండి. కానీ సెప్తుంటే ఎదురుగా ఉన్నట్టే ఉంది. ఎవరి కాడో ఒకరి కాడ ఉందిగదండి. సాలు. ఆదివారం ఆదివారం రానాండి?"

మిగిలిన మందు ఇంకో మూడు వారాలు వచ్చింది. తరవాత ముప్ఫైమందీ ఒక్కొక్కరే జారిపోవడం మొదలుపెట్టారు. అనసూయమ్మ మళ్లీ పొయ్యి కట్టేయడం మరిచింది. కోడలు రోజూ ఫోన్ చేసి బతిమాలేది. సత్తిరాజుకి ముందు సూపర్వైజరు పేరు పోయింది, తరవాత కుక్క పేరు పోయింది. ఆదిలక్ష్మి మాత్రం ఇంకా ఉంది. హైమ అసలు తిరిగి రానే లేదు.

అప్పుడు తట్టింది ఆమెకి. మరిడమ్మ కాలవ నాన్న కాలవని లేపితే, నేను చెప్పే నాన్న కథ నాన్నలో ఉన్న నన్ను లేపదూ? కోయవలసింది నేను. చెప్పవలసింది నేను.

విక్టర్ గారు వద్దన్నారు. "పోయేది నీదమ్మా. తిరిగి రాదు."

"ఒక్క రోజు సార్. నలభై రెండేళ్లలో ఒక్క రోజు ఇస్తాను. ఆ ఒక్క రోజూ చాలు, తీగ లాగితే ఆయనలో మిగతావన్నీ కదులుతాయి."

తెల్లారగానే హైమ చెప్పులు విడిచి మడిలోకి దిగింది. మరిడమ్మ పక్కనే నిలబడింది. "ఆలోసించుకోండమ్మా. సెప్పింది పోద్ది."

"తెలుసు." ఎందుకైనా మంచిదని ముందుగా కాయితం మీద రాసుకుందామని పెన్ను తీసింది హైమ. ఇంత చిన్న సంగతికి రాత ఎందుకు, అంతగా మరిచిపోతానా ఏమిటి అనుకుని జేబులో పెట్టేసింది. మందుసీసాకి అంటించే చీటీ మీద మాత్రం 'లాకులు, ఏడేళ్లు' అని రాసింది. తరవాత ఒట్టి చేతుల్తో మొదటి ఆకు పట్టుకుని చెప్పడం మొదలుపెట్టింది.

"మా నాన్న కోసం తల్లీ. పేరు సత్తిరాజు. నాకప్పుడు ఏడేళ్లు. బడికి సెలవు. నాన్న నన్ను భుజం మీద ఎక్కించుకుని లాకుల మీదికి తీసుకెళ్లాడు. తలుపుల మీద నడవడానికి ఒక్క బల్లే ఉంటుంది, అడుగంత వెడల్పు. కింద నీళ్లు సుళ్లు తిరుగుతున్నాయి. నాకు గుండెలు జారిపోయి నాన్న జుట్టు రెండు చేతులా పట్టుకున్నాను. 'గట్టిగా పట్టుకో బుల్లెమ్మా, నేనున్నాగా' అన్నాడు. ఆయన ఒంటికి తారు వాసన, బీడీ వాసన. అవతల దింపి, నా చేతులు చక్రం మీద పెట్టి, వాటి మీద తన చేతులు పెట్టి తిప్పాడు. తలుపులు తెరుచుకున్నాయి. కొబ్బరికాయల పడవ లోపలికొచ్చింది. పడవ సరంగు నాకో జామకాయ విసిరి, 'ఇయ్యాల తలుపులు తీసింది మీ అమ్మాయేనా లస్కరుగారూ' అన్నాడు. నాన్న మీసం మెలేసి, 'మరెవరనుకున్నావు' అన్నాడు..."

నాలుగు పొద్దులు పట్టింది ఆకు సరిపడా కోయడానికి. ఒక్కో ఆకుకీ అదే కథ. మొదటి రోజు కళ్లు తుడుచుకుంటూ చెప్పింది. రెండో రోజు కాస్త హాయిగా ఉంది. మూడో రోజున జామకాయ ఇచ్చింది ఎవరో తట్టక తడుముకుంది. నాలుగో రోజున ఏదో పాఠం అప్పజెప్పినట్టు పెదాలు కదిలాయి. ట్రే నిండాక, చెయ్యి కడుక్కుని, ఇందాకటిదాకా ఏం చెప్పానా అనుకుంటూ నిలబడింది. మరిడమ్మ ఆమె భుజం మీద చెయ్యి వేసింది.

చుక్కలు వేసిన ఆరో రోజు ఉదయం హైమ కాఫీ తీసుకుని తండ్రి గదిలోకి వెళ్లింది. సత్తిరాజు బీరువా అద్దం ముందు నిలబడి ఉన్నాడు. మొహమంతా నవ్వు. ఎన్నేళ్లకి ఆ నవ్వు!

"నాన్నా," అంది హైమ.

"ష్," అన్నాడాయన. అద్దంలోకి వేలు చూపించాడు. "వచ్చేశాడు. మా నాన్న!"

"ఎవరూ?"

"అదుగో. మా నాన్న. లాకుల్లో చేస్తాడు. ఇందాకటినించీ నన్నే చూస్తున్నాడు." అద్దంలోని ముసలాయనకి చెయ్యి ఊపాడు. అద్దంలో ముసలాయన కూడా ఊపాడు. అప్పుడు ఇటు తిరిగి హైమని చూశాడు. ఆ చూపులో ఏ గుర్తూ లేదు, మర్యాద మాత్రం ఉంది. "మీరెవరండీ? ఎవరి తాలూకు?"

కాఫీ గ్లాసు బల్ల మీద ఎలా పెట్టిందో హైమకి తెలియదు. లెక్క తప్పింది ఎక్కడో అప్పటికి అర్థమైంది. ఆకు తీసుకెళ్లింది ఆమె కళ్లని. ఆమె కళ్లకి ఆ రోజు కనిపించింది నాన్నే. ఆమెకి ఆమె కనబడదుగా. ఇప్పుడు ఆయన దగ్గర నాన్న ఉన్నాడు, నిండుగా, మీసంతో సహా. కూతురు లేదు. కూతురు ఆయనే.

"మా నాన్న నన్ను భుజం మీద ఎక్కించుకుని లాకుల మీదికి తీసుకెళ్లాడు తెలుసా!" అన్నాడు సత్తిరాజు. డెబ్భై ఆరేళ్ల గొంతులో ఏడేళ్ల పిల్ల గారం. "మీకు చెప్పనా?"

ఏ లాకులు? ఏ భుజం? హైమ తన లోపల వెతుక్కుంది. మంచం పక్కన మందుసీసా మీద తన చేతిరాతే ఉంది, 'లాకులు, ఏడేళ్లు' అని. చదివింది. పరాయివాళ్ల చిరునామా చదివినట్టుంది. బడి గుర్తుంది, అమ్మ గుర్తుంది, నాన్న పెట్టిన ముద్దుపేరు గుర్తుంది. ఆ ఒక్క రోజు ఉండవలసిన చోట ఏమీ లేదు. అది ఎంత మంచి రోజో కూడా ఆమెకి తెలియదు. ఇవ్వడానికి అన్నిటిలోకీ దాన్నే ఏరుకుందంటే చాలా మంచిదే అయి ఉంటుంది.

మరిడమ్మ కూర్చున్న చోటే, నేల మీద, తండ్రి కాళ్ల దగ్గర కూర్చుంది హైమ.

"చెప్పు బుల్లెమ్మా," అంది.

ఆ పిలుపు వినగానే ఆయన మురిసిపోయాడు. మంచం అంచున ఎక్కి కాళ్లు ఊపుకుంటూ చెప్పడం మొదలుపెట్టాడు. ఒకే ఒక్క బల్ల ఉంటుందట, అడుగంత వెడల్పు. కింద నీళ్లు సుళ్లు తిరుగుతాయట.

"అమ్మో! భయం వెయ్యలేదూ?" అంది హైమ. నిజంగానే తెలియక అడిగింది.

"వేసింది. కానీ నాన్న ఉన్నాడుగా. గట్టిగా పట్టుకో అన్నాడు. నేనున్నాగా అన్నాడు." ఆయన చెయ్యి చాచాడు. "ఇలాగ."

హైమ ఆ చెయ్యి గట్టిగా పట్టుకుంది. కళ్లనించి నీళ్లు ధారగా కారుతున్నాయి. ఎందుకు కారుతున్నాయో ఆమెకి తెలియలేదు.

"తరవాత ఏమైంది?" అంది.

"తరవాత పడవొచ్చింది," అన్నాడు సత్తిరాజు.